సామ్రాజ్యం కూలిన అయిదేళ్ళకి

వానాకాలంలో ఏటూరునాగారం పోతే సంచిలో ఒక లావుపాటి పుస్తకం ఉండాలి. ఇది నాకు చిన్నప్పుడే తెలిసిన విషయం. గోదావరి పెరిగిందంటే వాగులు ఎగదన్నుతాయి, బస్సులు ఎక్కడివక్కడ ఆగిపోతాయి, కరెంటు పోతుంది, సెల్లు సిగ్నలు సంగతి ఇక చెప్పక్కర్లేదు. ఈసారి మా చిన్నాయన ఇంట్లో రెండు రోజులు అలాగే ఇరుక్కుపోయాను. సంచిలో ఉన్న పుస్తకం 'ఎయిర్ టు ది ఎంపైర్'. టిమొతీ జాన్ రాసిన స్టార్ వార్స్ నవల. (హెయిర్ కాదండీ, ఎయిర్. మా ఆఫీసులో ఒకాయన ఇది జుట్టు గురించిన పుస్తకం అనుకున్నాడు.)

ఇది రెండోసారి చదవడం. మొదటిసారి ఉద్యోగంలో చేరిన కొత్తలో, బెంచి మీద ఖాళీగా ఉన్న రోజుల్లో, ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద కొని చదివాను. కాపీ అదే, కాగితాలు కాస్త పసుపెక్కాయి. కానీ చదివింది మాత్రం అదే పుస్తకమా అని అనుమానం వచ్చింది. ఆ అనుమానం గురించే ఇదంతా.

ముందు ఈ పుస్తకం ఎలా పుట్టిందో చెప్పాలి, ఎందుకంటే అది కూడా కథలాగే ఉంటుంది. మనకి 'వెండితెర నవల' అని ఒకటుండేది. ముళ్ళపూడి వెంకటరమణ లాంటి వాళ్ళు సినిమా కథని నవలగా రాసేవాళ్ళు. సినిమా ఎక్కడ ఆగితే నవలా అక్కడే ఆగేది. స్టార్ వార్స్ కూడా మొదలైంది అలాంటి దానితోనే. సినిమా 1977 మే 25న రిలీజైతే, నవల 1976 చివర్లోనే బజార్లో ఉంది. అట్ట మీద పేరు జార్జ్ లూకాస్‌ది, రాసింది ఆలన్ డీన్ ఫాస్టర్ అనే ఇంకో రచయిత. ఇదేం ఘోరం అనుకోకండి, మన దగ్గర ఇంతకంటే మర్యాదగా జరిగింది. నన్నయ అరణ్యపర్వం మధ్యలో వదిలేసి వెళ్ళిపోతే, తిక్కన ఆ మిగిలిన ముక్క ముట్టుకోకుండా విరాటపర్వంతో మొదలుపెట్టాడు. తర్వాత ఎప్పటికో ఎర్రన వచ్చి ఆ ఖాళీ పూరించి, దాన్ని తన పేరు మీద కాకుండా నన్నయే రాసినట్టుగా, రాజరాజనరేంద్రుడికే అంకితంగా పూర్తి చేశాడు. ఘోస్ట్ రైటింగ్‌లో మన సీనియారిటీ తక్కువేం కాదు.

ఫాస్టర్ 1978లో ఇంకో నవల రాశాడు, 'స్ప్లింటర్ ఆఫ్ ది మైండ్స్ ఐ'. ఇది సినిమాకి ముక్కస్య ముక్క కాదు, కొత్త కథ. దీని వెనక లెక్క కూడా చూడండి. మొదటి సినిమా ఒక మోస్తరుగా ఆడితే, తక్కువ ఖర్చులో రెండోది తీసేయడానికి పనికొచ్చేలా రాయమన్నారు. అందుకని కథంతా మంచు పొగ కమ్మిన గ్రహం మీద జరుగుతుంది (పొగలో సెట్టింగులు అక్కర్లేదు కదా). హాన్ సోలో పాత్రే ఉండదు, ఎందుకంటే హారిసన్ ఫోర్డ్ అప్పటికి రెండో సినిమాకి సంతకం పెట్టలేదు. తీరా మొదటి సినిమా బాక్సులు బద్దలుకొట్టేసరికి ఈ పొదుపు ప్లాను మూలన పడింది. బ్యాకప్ ప్లాను ప్రింటయి పుస్తకంగా మిగిలిపోవడం అంటే ఇదే.

1983లో 'రిటర్న్ ఆఫ్ ది జెడై' వచ్చింది, చక్రవర్తి చచ్చాడు, శుభం కార్డు పడింది. ఆ తర్వాత నిశ్శబ్దం. పిల్లల టీవీ సినిమాలు రెండు వచ్చాయి, 1986లో మార్వెల్ వాళ్ళ కామిక్స్ ఆగిపోయాయి. ఇక స్టార్ వార్స్ అయిపోయిందనే అందరూ అనుకున్నారు. 1988లో బాంటమ్ అనే పబ్లిషింగ్ సంస్థలో పనిచేసే లూ అరోనికా, ఈ కథని ఇలా వదిలేయకూడదంటూ లూకాస్‌ఫిల్మ్‌కి ఉత్తరం రాశాడు. చివరికి పని టిమొతీ జాన్ చేతికొచ్చింది. ఈయన భౌతికశాస్త్రంలో ఎమ్మెస్ చేసి, పీహెచ్‌డీ చేస్తుండగా గైడు చనిపోతే అది మధ్యలోనే ఆగి, రచనల్లోకి దిగినవాడు. 1984లో ఒక చిన్న నవలకి హ్యూగో అవార్డు కూడా తీసుకున్నాడు. రాయడం మొదలుపెట్టాక లూకాస్‌ఫిల్మ్ వాళ్ళు ఈయనకి ఒక పెట్టెడు పుస్తకాలు పంపి, వీటికి విరుద్ధంగా ఏదీ ఉండకూడదన్నారు. అవి వెస్ట్ ఎండ్ గేమ్స్ అనే కంపెనీ టేబుల్ మీద ఆడుకునే ఆట కోసం తయారుచేసిన వివరాల పుస్తకాలు. ముందు విసుక్కున్నా తర్వాత అవే పనికొచ్చాయట. పాత సిస్టమ్ డాక్యుమెంటేషన్ చదవమంటే మనం పడే బాధా, తర్వాత దొరికే లాభమూ అందరికీ అనుభవమే.

1991లో పుస్తకం వచ్చింది. న్యూయార్క్ టైమ్స్ బెస్ట్ సెల్లర్ లిస్టులో మొదటి స్థానానికెళ్ళింది. 1992లో 'డార్క్ ఫోర్స్ రైజింగ్', 1993లో 'ది లాస్ట్ కమాండ్' వచ్చి మూడు భాగాలూ పూర్తయ్యాయి. సినిమాల్లో పేరు లేని రాజధాని గ్రహానికి 'కోరసాంట్' అని పేరు పెట్టింది ఈయనే. 1999లో లూకాస్ మళ్ళీ సినిమా తీసినప్పుడు ఆ పేరే వాడుకున్నాడు. అంటే పిల్ల కాలువ నీళ్ళు ఎదురెక్కి నదిలో కలిశాయన్నమాట.

కథ ఇదీ. సామ్రాజ్యం కూలి అయిదేళ్ళయింది. గెలిచినవాళ్ళు రాజధానిలో కూర్చుని కమిటీలు వేసుకుని పోట్లాడుకుంటున్నారు. ఓడిపోయిన సైన్యం అంచుల్లో చెల్లాచెదురుగా ఉంది. అలాంటప్పుడు గ్రాండ్ అడ్మిరల్ థ్రాన్ అనేవాడు తిరిగొస్తాడు. నీలం ఒళ్ళు, ఎర్రటి కళ్ళు, తెల్లటి యూనిఫాం. మనిషి జాతి కాని వాళ్ళని చిన్నచూపు చూసే సామ్రాజ్యంలో పైకొచ్చిన పరాయి జాతివాడు. ఇతని పద్ధతేమిటంటే, యుద్ధానికి ముందు శత్రువుల బొమ్మలూ శిల్పాలూ తెప్పించుకుని చూస్తాడు. ఒక జాతి ఏ బొమ్మ గీస్తుందో చూస్తే ఎక్కడ తడబడుతుందో తెలుస్తుందంటాడు. కింది వాడు తప్పు చేస్తే తప్పెవరిదో కనుక్కుంటాడు, కొత్త ఉపాయం చెప్తే వింటాడు. డార్త్ వేడర్ లాగా పీక నొక్కి చంపే రకం కాదు.

మొదటిసారి చదివినప్పుడు మా టీములో అందరికీ థ్రానే హీరో. ఇలాంటి మేనేజరుంటే ఎంత బాగుండు అనుకున్నాం. నిజంగా అనుకున్నాం.

సరే, ఏటూరునాగారం. మా చిన్నాయన సోషల్ టీచరుగా చేసి రిటైరయ్యాడు. లాంతరు ముందు నేను పేజీలు తిప్పుతుంటే వచ్చి కూర్చుని, "ఏంరా, గంత మనసు పెట్టి చదువుతున్నవ్, ఏం పుస్తకమది?" అన్నాడు. కథ చెప్పాను. లేజరు కత్తులూ అవీ వదిలేసి, సామ్రాజ్యం, తిరుగుబాటు, అయిదేళ్ళ తర్వాత అని చెప్పాను. మధ్యలోనే ఆపేశాడు. "రాజ్యం కూలినంక ఏమైందో రాసిండన్నట్టు. గది మన ఓరుగల్లు ముచ్చటే గదరా!"

నేను నవ్వాను గానీ, ఆయన చెప్పుకుంటూ పోతుంటే నవ్వు తగ్గింది.

1323లో ఉలుగ్ ఖాన్ ఓరుగల్లు కోట పట్టుకున్నాడు. ప్రతాపరుద్రుణ్ణి బందీగా ఢిల్లీకి తీసుకుపోయారు. ఆ సినిమా అక్కడితో అయిపోవాలి. మనవాళ్ళు అయిపోనిచ్చారా? ముసునూరి ప్రోలయ నాయకుడి విలస తామ్రశాసనం, అంటే ఆ సంఘటనకి అన్నిటికంటే దగ్గరగా ఉన్న మన సాక్ష్యం, రాజు దారిలోనే నర్మద ఒడ్డున చనిపోయాడంటుంది. వందేళ్ళ తర్వాత, 1423 నాటి కలువచేరు శాసనం మాట కొంచెం మార్చి, తన ఇష్టం మీదే దేవలోకానికి వెళ్ళాడంటుంది. అంటే బందీగా చావలేదు, తనే పోయాడు అని. ఇంకా తర్వాత ఏకామ్రనాథుడి పేరు మీదున్న 'ప్రతాపరుద్ర చరిత్రము'లో రాజు అసలు చావనే లేదు. ఢిల్లీ సుల్తాను గౌరవించి వదిలేస్తే తిరిగి ఇంటికొచ్చాడు. 1897లో వేదం వేంకటరాయ శాస్త్రి గారి 'ప్రతాపరుద్రీయం' నాటకానికొచ్చేసరికి లెక్క పూర్తిగా తిరగబడింది. మంత్రి యుగంధరుడు పిచ్చివాడి వేషంలో ఢిల్లీ వెళ్ళి, రాజుని విడిపించడమే కాదు, సుల్తానునే పట్టుకొస్తాడు. ఒక్కో తరం దాటేకొద్దీ ఓటమి కాస్తా గెలుపయింది. ఇంతకంటే పెద్ద స్పిన్-ఆఫ్ సిరీస్ ఏ లూకాస్‌కి ఉంది?

ఇక్కడ నా మటుకు నాకు ఆసక్తిగా అనిపించింది ఇంకోటుంది. ఓడిన సైన్యం అంచుల్లోకి వెళ్ళి కూడగట్టుకోవడం. అది ఈ గోదావరి వెంటే జరిగింది. ప్రోలయ నాయకుడు కుదురుకున్న రేకపల్లి, ఏటూరునాగారం నుంచి నది వెంట కిందికి పోతే భద్రాచలం దాటాక వచ్చే అడవుల్లోది. తర్వాత కాపయ నాయకుడు 1336 ప్రాంతంలో ఓరుగల్లు తిరిగి పట్టుకున్నాడు. ఈ ముసునూరి వాళ్ళ గురించి మల్లంపల్లి సోమశేఖర శర్మ గారు 1945లో ఇంగ్లీషులో రాసిన పుస్తకం పేరు 'ఎ ఫర్గాటెన్ చాప్టర్ ఆఫ్ ఆంధ్ర హిస్టరీ'. ఆయన శాసనాలు చదివి బయటికి తీసేదాకా అది నిజంగా మరిచిపోయిన అధ్యాయమే.

మరి నది దాటితే? ఇప్పుడు ముల్లకట్ట దగ్గర బ్రిడ్జి ఉంది, వాజేడు మీదుగా పోతే ఛత్తీస్‌గఢ్. ఆ దారి బస్తరుకి పోతుంది. దంతేవాడలో దంతేశ్వరి గుడి దగ్గరి 1703 నాటి శాసనం ఏమంటుందంటే, కాకతి ప్రతాపరుద్రుడి తమ్ముడు అన్నమరాజు ఓరుగల్లు వదిలి వచ్చి బస్తరులో రాజ్యం స్థాపించాడని. ఓరుగల్లు పడిపోయిన 380 ఏళ్ళకి చెక్కిన రాయి. తమ్ముడు నిజంగా వచ్చాడా అన్న దాని మీద చరిత్రకారులు ఇప్పటికీ ఒక మాట మీద లేరు. కానీ బస్తరు రాజులు దాన్ని నమ్మారు, ప్రజలతో నమ్మించారు. ఆ వంశంలో ప్రవీర్ చంద్ర భంజ్ దేవ్ 1966 మార్చి 25న జగదల్‌పూర్‌లో తన ప్యాలెస్‌లోనే పోలీసు కాల్పుల్లో చనిపోయాడు, ఆయనతో పాటు ఆదివాసీలూ చనిపోయారు. కట్టుకథో నిజమో గానీ, ఒక కొనసాగింపు కథ కోసం మనుషులు తూటాలకి ఎదురు నిలబడే దాకా వచ్చింది. వారసుడు అన్న మాటకి అంత బరువుంది.

చిన్నాయన అప్పుడు ఒక మాటన్నాడు. "అందరు రాజు ఏమైండు, రాజు తమ్ముడు ఏమైండు అంటరు. ఆ రాజుకు పన్ను కట్టినోళ్ళు ఏమైన్రని ఒక్కడన్న అడుగుతడా?"

అడిగిన కథ ఒకటి ఆ ఇంటికి గంట దూరంలోనే ఉంది, మేడారంలో. కరువొచ్చి పంట లేక కప్పం కట్టలేమన్న కోయ దొరల మీదికి ప్రతాపరుద్రుడి సైన్యం రావడం, పగిడిద్దరాజు పడిపోవడం, జంపన్న సంపెంగవాగులో పడి ఆ వాగుకి తన పేరు మిగల్చడం, వెనక నుంచి పోటు తిన్న సమ్మక్క చిలకలగుట్ట వైపు వెళ్ళి మాయమవడం, అక్కడ కుంకుమ భరిణె దొరకడం. మనందరికీ తెలిసిన కథ, రెండేళ్ళకోసారి కోటి మంది దాకా నడిచొచ్చే కథ. కాకతీయుల శాసనాల్లో సమ్మక్క పేరు కనిపించదు. చిన్నాయన్ని ఇదే అడిగితే, "పన్ను కట్టనోళ్ళ పేరు ఏ రాజు చెక్కిస్తడ్రా?" అన్నాడు.

నాలో ఉన్న ఇంజనీరు ఊరుకోడు. లాగ్ ఫైల్లో లేదంటే జరగలేదని కాదు, అలాగని జరిగిందనీ కాదు. కానీ లాగు ఒక్కచోటే ఉండాలని ఎవరన్నారు? కోయల్లో డోలీలని ఉన్నారు, వంశాల కథలు పాడేవాళ్ళు. ఏ గట్టు వాళ్ళ వేల్పు ఎవరు, ఎక్కడి నుంచి ఎక్కడికొచ్చారు, ఇవన్నీ పాటలో ఉంటాయి. పగిడె అని బొమ్మలున్న గుడ్డ జెండా ఉంటుంది, దాన్ని ముందు పెట్టుకుని కథ చెప్తారు. మణుగూరు దగ్గరి కూనవరానికి చెందిన సకిని రామచంద్రయ్య గారు ఈ కథల్ని కోయ భాషలోనూ తెలుగులోనూ పాడేవారు. 2022లో పద్మశ్రీ ఇచ్చారు. 2024లో చనిపోయారు. చదవడం రాయడం రాని మనిషి గొంతులో అన్ని తరాల పేర్లు ఉండేవి. ఇక జాతర చూడండి. సారలమ్మ కన్నెపల్లి నుంచి, పగిడిద్దరాజు పూనుగొండ్ల నుంచి, గోవిందరాజు ఇదే ఏటూరునాగారం మండలం కొండాయి నుంచి, వడ్డెలు తీసుకొస్తేనే గద్దె ఎక్కుతారు. ఎవరు ఏ ఊరి నుంచి ఏ దారిన రావాలో కాళ్ళకి గుర్తుంది. 

2012లో డిస్నీ లూకాస్‌ఫిల్మ్‌ని కొనేసింది, నాలుగు వందల కోట్ల డాలర్ల పైచిలుకు పెట్టి. పెద్ద కంపెనీ చిన్న కంపెనీని కొన్నాక పాత ప్రాడక్టుకి ఏం గతి పడుతుందో మనకి వేరే చెప్పాలా. 2014 ఏప్రిల్ 25న ప్రకటన వచ్చింది: సినిమాలూ కొన్ని టీవీ కథలూ మాత్రమే అసలు చరిత్ర, అంతవరకు వచ్చిన నవలలన్నీ ఇకపై 'లెజెండ్స్'. అంటే పుక్కిటి పురాణాలు. ఎనిమిదేళ్ళ నిశ్శబ్దాన్ని బద్దలుకొట్టి, ఆ పేరుని మళ్ళీ బజార్లో నిలబెట్టిన నవల ఒక్కరోజులో 'జరగనిది' అయిపోయింది. చదివినవాళ్ళు గోల పెట్టారు. మళ్ళీ రెండేళ్ళకే, 2016లో, థ్రాన్‌ని టీవీ కార్టూన్లోకి తీసుకొచ్చారు, 2017లో జాన్ చేతనే కొత్త నవల రాయించారు, 2023లో 'అసోకా' సీరియల్లో నటుడితో వేషం కట్టించారు. బ్రాంచ్ డిలీట్ చేసి, పనికొచ్చే కమిట్ ఒక్కటి ఏరుకోవడం లాంటిది.

సమ్మక్కనీ దీన్నీ ఒకే గాటన కట్టేస్తున్నానని అనుకోవద్దు. ఇది ఒకాయన డబ్బులు తీసుకుని రాసిన కల్పన, దానికి ఒక యజమాని ఉన్నాడు, ఏది చెల్లుతుందో చెప్పే హక్కు అతనికి కాగితం మీద ఉంది. మేడారం కథకి యజమాని లేడు. 1996లో రాష్ట్ర పండుగ అన్నారు, మంచిదే, కానీ అంతకుముందు అది పండుగ కాకుండా పోయిందా? రెండు చోట్లా చెల్లుబాటు ముద్ర ఆఫీసు నుంచే వస్తుంది, అంతవరకే పోలిక.

ఇప్పుడు నా అనుమానం దగ్గరికి. ఆ నవలల్లో నోగ్రిలని ఒక చిన్న జాతి ఉంటుంది. బూడిద రంగు వాళ్ళు, చిన్నగా ఉంటారు, థ్రాన్ చెప్పిన వాళ్ళనల్లా నిశ్శబ్దంగా చంపి వస్తారు. మొదటి భాగంలో వాళ్ళు ఉత్త విలన్ అనుచరులు, మొదటిసారి చదివినప్పుడు నేను వాళ్ళని పట్టించుకోలేదు. అసలు సంగతి రెండో భాగంలో ఉంది. ఎప్పుడో వాళ్ళ గ్రహం మీద ఆకాశంలో యుద్ధం జరిగి, కూలిన ఓడ విషంతో నేలంతా చచ్చిపోయింది. డార్త్ వేడర్ వచ్చి, నేల బాగుచేస్తాం, తిండి పెడతాం, బదులుగా మీ పిల్లల్ని మా పనికి పంపండి అన్నాడు. నేల బాగుచేసే యంత్రాలు తిరుగుతూనే ఉంటాయి, నేల మాత్రం బాగుపడదు. ఎందుకంటే సామ్రాజ్యం వాళ్ళు నాటించిన గడ్డే ఇంకే మొక్కనీ మొలవనివ్వదు. అప్పు తీరకుండా ఉండటం కోసమే ఆ గడ్డి. ఈ మర్మం లియా బయటపెడుతుంది.

ఆబిడ్స్ కాపీ మొదటి భాగం ఒక్కటే, మిగతావి అప్పట్లో స్నేహితుడి దగ్గర చదివి ఇచ్చేశాను. ఆ గడ్డి సంగతి నాకు లీలగా గుర్తుంది. ఏటూరునాగారంలో కూర్చుని, మొదటి భాగంలో నోగ్రి పేరు కనబడినప్పుడల్లా ఆ గడ్డే గుర్తొచ్చింది. ఏజెన్సీలో నాగు కింద వడ్లు తెచ్చుకుని, పంట రాగానే ఒకటికి ఒకటిన్నర కొలిచి, మళ్ళీ కొరతపడి మళ్ళీ నాగుకే పోయిన కుటుంబాల కథలు చిన్నాయన దగ్గర చిన్నప్పుడు విన్నవే. భూమి గిరిజనేతరులకి పోకుండా 1959లో నిబంధన తెచ్చి, 1970లో దాన్ని బిగించాల్సి వచ్చింది, అందరూ 1/70 చట్టం అనేది అదే. ఊరికే తెచ్చారా? అప్పటికే ఎంత భూమి పోయుంటే అలాంటి చట్టం అవసరమవుతుంది?

అదీగాక, బొమ్మలు చూసి జాతిని లొంగదీసే థ్రాన్ తెలివి మొదటిసారి నాకు భలే అనిపించింది. ఈసారి పగిడె మీద బొమ్మలు గుర్తొచ్చి ఒళ్ళు జలదరించింది. అన్ని బొమ్మలూ చదివినవాడు, రోజూ తన కుర్చీ వెనక నిలబడే నోగ్రి మనసు మాత్రం చదవలేకపోయాడు.

ఇదంతా చెప్పాక చిన్నాయన లాంతరు వత్తి కొంచెం తగ్గించాడు.

"మరి ఆ నీలపోడు ఆఖరికి ఏమైండురా?"

"వాని వెనక నిలబడే నోగ్రోడే పొడిచి చంపిండు చిన్నాయనా. మూడో పుస్తకంల."

"గడ్డి సంగతి తెల్సినంకనా?"

"తెల్సినంకనే."

కాసేపు ఏమీ అనలేదు. తర్వాత లేచి తలుపు తీసి బయటికి చూసి, వాన తెరిపిచ్చింది, పొద్దున హన్మకొండ బస్సు నడుస్తదేమో అని చెప్పి పడుకోవడానికి వెళ్ళిపోయాడు.